ముప్పై ఏడో పేజీలోని చేప

కొత్తగా ఉద్యోగంలో చేరిన పిల్లలు ఇంటికొస్తే ఒక ప్రశ్న తప్పకుండా అడుగుతారు. "సార్, మీ సర్వీసులో మీరు చేసిన పెద్ద తప్పేంది?" అని. నేను వంట నేర్పినవాణ్ణి. మా చేతిలో తప్పులకు కొదువేం ఉంటుంది? ఒకసారి హాస్టల్ మొత్తానికి వండిన బగారన్నం అడుగంటింది. ఇంకోసారి చక్కెర అనుకుని ఉప్పేసి పాయసం కాచాను. ఇవి చెప్పి నవ్విస్తాను, వాళ్ళు చాయ్ తాగి వెళ్ళిపోతారు. అసలు తప్పు మాత్రం ఇన్నాళ్ళూ ఇలా అడిగినవాళ్ళెవరికీ చెప్పలేదు. అది ఒక కొర్రమీను దగ్గర జరిగింది.

రాష్ట్రం వచ్చి కొన్నేళ్ళయింది. కొత్త జిల్లాల బోర్డులకు ఇంకా రంగు ఆరలేదు. పాలమూరులో ఊరి పిల్లలకు పనులు నేర్పే శిక్షణ కేంద్రంలో నేను వంట మాస్టర్ని. కుట్టు, కంప్యూటర్, వంట అని మూడు తరగతులు ఉండేవి. మా వంట తరగతి సిలబస్ ఎక్కడో ఢిల్లీలో రాసి పంపిన జిరాక్స్ పుస్తకం. అందులో ముప్పై ఏడో పేజీ నాకు కంట్లో నలుసు. ఆ పేజీ నిండా 'ఫిష్ అండ్ చిప్స్'. ఇంగ్లండు వాళ్ళ తిండి. పిండిలో ముంచి వేయించిన చేప, పక్కన వేలెడు మందం ఆలుగడ్డ ముక్కలు. నా జన్మలో నేను దాన్ని చూసింది లేదు, తిన్నది లేదు. అందుకని ప్రతి బ్యాచ్‌కూ "ఇది పరీక్షల రాదు లే" అని పేజీ తిప్పేసేవాణ్ణి. ఎనిమిదేళ్ళు తిప్పాను.

ఆ ఏడు పై నుంచి ఉత్తరం వచ్చింది. పరీక్ష తీసుకోవడానికి హైదరాబాదులోని పెద్ద హోటల్ నుంచి ఒక వంట పెద్ద వస్తున్నాడు. ఓడల మీద ఇరవై ఏళ్ళు వండిన మనిషట. విదేశీ వంటలు అడుగుతాడట. బాగా చేసినవాళ్ళలో ఇద్దరిని తన హోటల్లోనే కొలువులో పెట్టుకుంటాడట. తరగతి గదిలో ఆ ఉత్తరం చదువుతుంటే పిల్లల కళ్ళు మెరిశాయి. నాకు మాత్రం ముప్పై ఏడో పేజీ గుర్తొచ్చి చెమట పట్టింది.

ఆ బ్యాచ్‌లో ఒకామె ఉండేది. మిగతావాళ్ళు ఇరవై ఏళ్ళ పిల్లలైతే ఆమెకు ముప్పై దాటాయి. మక్తల్ దగ్గరి ఊరు, గొర్లు కాచే ఇంటి కోడలు. భర్త మోకాలు విరిగి మంద వెంట నడవలేని స్థితి. మంద వెంట ఇప్పుడు ఎవరో ఒకరు పోవాలి, లేదా ఇంట్లోకి ఇంకో దారిన సంపాదన రావాలి. మామ ఆరు నెలలు గడువిచ్చాడట. ఉత్తరం చదివిన రోజు ఆమె నా టేబుల్ దగ్గరికొచ్చి నిలబడింది.

"సార్, గీ పరీక్షల నాకు కొలువు రాకపోతే ఉగాది దాటంగనే నేను మంద ఎంబడి పోవాలె. పిల్లను బడి మాన్పించి ఎంబడి తోల్కపోవాలె. మీరు ఏది నేర్పితే గది నేర్చుకుంట. ఏ పేజీ ఇడ్వకుండ్రి."

ఏ పేజీ ఇడ్వకుండ్రి అన్నప్పుడు ఆమె నా ముఖం వైపే చూసింది. ఎనిమిదేళ్ళ నా బండారం ఈమెకు ఎలా తెలిసిందా అని లోపల ఉలిక్కిపడ్డాను.

సరే, నేర్పాలంటే ముందు నేను నేర్చుకోవాలి కదా. ఎవరినడగను? ఊళ్ళో తిన్నవాడు ఒక్కడూ లేడు. పుస్తకంలో ఒక మసక ఫొటో ఉంది. ఎండలో పెట్టి చూశాను, భూతద్దం పెట్టి చూశాను. నిజం చెప్పాలంటే భయం పోయి నాకు సరదా మొదలైంది. ఉప్పు తప్ప చేపకు ఏమీ లేదు. కారం లేదు, అల్లం లేదు, వెల్లుల్లి లేదు. జ్వరమొచ్చిన వాళ్ళ తిండిలాగా ఉన్న ఈ చేప కోసం ఒక దేశం దేశమే ఎందుకు వరుస కట్టి నిలబడుతుంది? అది తేల్చుకోవాలనిపించింది.

మొదటి ఆదివారం ఇంట్లో చేశాను. చేతి అలవాటు కొద్దీ శనగపిండి కలిపాను. మా ఆవిడ వంటింటి గడపలో నిలబడి చూసి, "గిది మిర్చి బజ్జీల పిండి గాదా? చేపల బజ్జీలకు ఇంగ్లీషు పేరు పెట్టి మా నోట్ల మన్ను గొడ్తున్నవా?" అంది. మైదా అని పుస్తకంలో స్పష్టంగా ఉంది. ఎనిమిదేళ్ళు చదవని పేజీ కదా, ఆ రోజు కూడా సగమే చదివాను.

రెండో ఆదివారం మైదా కలిపితే చేప రేకు డబ్బాలా గట్టిపడింది. అప్పుడు మళ్ళీ చదివాను. పిండిని బీరుతో కలపాలట. కలిపిన వెంటనే వాడాలట. పొంగు చావకముందే నూనెలో పడితే పైపొర గుల్లగా వస్తుందట. మరుసటి రోజు కేంద్రంలో సరుకుల కాగితం రాస్తూ చివర 'బీరు, రెండు సీసాలు' అని రాశాను. స్టోరు చూసే మా సహోద్యోగి ఆ కాగితాన్ని పాముని పట్టుకున్నట్టు రెండు వేళ్ళతో పట్టుకున్నాడు.

"మాస్టారూ, మీకేం, మూడేండ్లల్ల రిటైరైతరు. నాకింక పదిహేనేండ్ల సర్వీసున్నది. గీ కాగితం మీద సంతకం పెడ్తే రేపు నా ఫొటో పేపర్ల పడ్తది. సోడా పోసుకోండ్రి."

సోడాకు సరేనన్నాను కానీ ఆ పొంగు ఏమిటో చూడాలన్న కుతూహలం ఆగలేదు. మా బావమరిది కల్లు గీస్తాడు. ఇంట్లో వంటకు ఎవరి సంతకం కావాలి? పొద్దున్నే దించిన ఈతకల్లు ఒక సీసా పట్టుకొచ్చాడు. మైదాలో పోస్తే సుయ్యిమని నురగ లేచింది. ఆ నురగ మీదే ముక్క ముంచి నూనెలో వదిలాను. నేను ముప్పై ఏళ్ళు నూనె ముందు నిలబడ్డాను, అటువంటి శబ్దం వినలేదు. బంగారు రంగు తిరిగి, వేలితో తడితే టకటకమంది. మా బావమరిది ఒక ముక్క నోట్లో వేసుకుని వెంటనే ఇంకోటి అందుకున్నాడు. తర్వాత, "బావా, కల్లును గిట్ల గూడ తినొచ్చని తెలిస్తే మా నాయిన ఇంకో పదేండ్లు బతికేటోడు" అన్నాడు.

ఆలుగడ్డల సంగతి వేరే. కోసి, నీళ్ళలో కడిగి, తుడిచి, ముందు సన్న సెగ మీద వేయించి తీసేయాలి. చల్లారాక పెద్ద సెగ మీద మళ్ళీ వేయాలి. అప్పుడే లోపల మెత్తగా, పైన కరకరలాడుతూ వస్తాయి. పైన కాస్త ఉప్పు, సిర్కా, అంటే వెనిగర్, చల్లుకోవాలి. మొదటిసారి సిర్కా చల్లిన రోజు ఇంట్లో అందరం ముఖాలు చిట్లించాం. రెండోసారి సీసా కోసం కొట్లాడుకున్నాం. ఆ దేశం ఎందుకు వరుస కడుతుందో అప్పుడు కొంచెం అర్థమైంది.

ఒక్క అనుమానం మాత్రం మిగిలింది. ఫొటోలో చేప లోపల మల్లెపువ్వులా తెల్లగా ఉంది. మాది లేత పసుపుగా వచ్చేది. వాళ్ళది సముద్రపు చేప, మనది చెరువు చేప, రంగు తేడా ఉండదా అని నాకు నేనే సర్దిచెప్పుకున్నాను. చూడండి, ఎంత తెలివో.

ఇంకో చిక్కు కోత. మన దగ్గర చేపను అడ్డంగా ముక్కలు కొడతారు, ముల్లుతో సహా. దీనికి ముల్లు లేకుండా నిలువు పలకలు తీయాలి. బజారులో చేపలమ్మే అవ్వను అడిగితే, "గట్ల కోస్తే ముల్లెవ్వలు తినాలె?" అని కసిరింది. నేను రెండు చేపలు పాడుచేశాను. అందుకే ఆ మక్తల్ ఆమెను ఒక ఆదివారం ఇంటికి పిలిచాను, ఇద్దరం కలిసి నేర్చుకుందామని. ఆమె కత్తిని వెన్నుముల్లుకు ఆనించి, ఒక్క దూకుడున తోక దాకా తీసుకుపోయింది. పలక అద్దంలా వచ్చింది.

"ఏడ నేర్చినవమ్మా?"

"గొర్రె తోలు తీసుడు సూసి సూసి పెరిగిన సార్. కత్తి ఎముక మాట ఇనాలె, గంతే."

పలకలను మా ఆవిడ పెరట్లో నల్లా దగ్గర కడిగి తెచ్చింది. మక్తల్ ఆమె ఆవిడ పక్కనే కూర్చుని నీళ్ళు పోసింది. నేను లోపల పిండి కలుపుతున్నాను. ఈ మాట గుర్తుపెట్టుకోండి.

తరగతిలో పాఠం చెప్పిన రోజు కూడా చేపను ఇంటి నుంచే కడిగించి డబ్బాలో తీసుకెళ్ళాను, కేంద్రంలో నల్లా సరిగా రాదని. బోర్డు మీద మాత్రం 'చేపను శుభ్రముగా కడుగవలెను' అని గుండ్రటి అక్షరాలతో రాశాను.

పరీక్ష రోజు వచ్చింది. వంట పెద్ద పొడుగాటి మనిషి, తక్కువ మాటలు. స్టీలు డబ్బాలో చీటీలు వేసి ఒక్కొక్కరిని తీయమన్నాడు. మక్తల్ ఆమె చీటీ తీసి, విప్పి, నా వైపు చూసి నవ్వింది. చేపే వచ్చింది. నా గుండె కుదుటపడింది. ఆమెకంటే బాగా అది చేసేవాళ్ళు మా జిల్లాలోనే లేరు, నాతో కలిపి.

పదిన్నరకు మొదలుపెట్టింది. చల్లటి సోడాతో పిండి కలపడం, ఆలుగడ్డలు రెండుసార్లు వేయించడం, అన్నీ గడియారం పెట్టినట్టు చేసింది. ప్లేటు టేబుల్ మీద పెడితే అచ్చం ముప్పై ఏడో పేజీ ఫొటోనే. వంట పెద్ద ముఖంలో మొదటిసారి ఇష్టం కనిపించింది. ఫోర్కుతో చేపను మధ్యకు విరిచాడు. కరకరమని శబ్దం వచ్చింది. అంతలో చెయ్యి ఆగింది. కిటికీలోంచి పడే ఎండలో, తెల్ల ప్లేటు మీద, చేప లోపల పసుపుపచ్చగా మెరిసింది. ముక్కు దగ్గర పెట్టుకుని చూశాడు.

"పసుపా? దీంట్లో పసుపు ఏయమని ఎవరు నేర్పిన్రు?"

ఆయన అడిగింది ఆమెను. జవాబు చెప్పింది నేను. నోరు నాకంటే ముందు పరిగెత్తింది.

"నేను నేర్పలేదు సార్! నా క్లాసులో పసుపు మాటే ఎత్తలేదు. కావాలంటే నోట్సు చూడండి."

ఆమె నా వైపు ఒక్కసారి చూసింది. ఆ చూపులో కోపం లేదు, ఏదో లెక్క చూసుకుంటున్నట్టు ఉంది. తర్వాత తల దించుకుని, "నేనే మర్చిపోయిన సార్. చెయ్యి అలవాటుల పడ్డది" అంది. ఆయన కాగితం మీద ఏదో రాసుకుని పక్క టేబుల్‌కు వెళ్ళిపోయాడు.

మధ్యాహ్నం భోజనానికి ఇంటికొచ్చాను. కోపంతో ఒళ్ళు మండిపోతోంది. కంచం ముందు కూర్చునే మొదలుపెట్టాను. ఇంత నేర్పితే చివరికి పసుపు పూసి కూర్చుంది, చేతికొచ్చిన కొలువు పోగొట్టుకుంది, బుద్ధి ఉండాలి కదా అని. మా ఆవిడ అన్నం వడ్డిస్తూ వింటోంది. గరిటె గిన్నెలోనే ఆగిపోయింది.

"పసుపేసి కడుగుడు తప్పా?"

"వంటకు పసుపు లేదని వెయ్యిసార్లు చెప్పాను."

"నేను వంట సంగతి అడుగుతలేను. కడుగుడు సంగతి అడుగుతున్న. చేపను ఉప్పు, పసుపు రాయకుండ ఎవరన్న కడుగుతరా? నీసు ఎట్ల పోతది?"

"నువ్వు... మనింట్లో చేసినప్పుడు కూడా?"

"గన్ని సార్లూ గట్లనే కడిగిన. నువ్వు క్లాసుకు డబ్బల తీస్కపోయిన చేప గూడ గంతే. కడిగినవా అన్నవు, కడిగిన అన్న. దేంతోని కడిగినవని నువ్వు అడిగినవా?"

కలిపిన ముద్ద కంచంలోనే ఉండిపోయింది. లేత పసుపు రంగు చెరువుది కాదు, మా పెరటి నల్లాది. ముప్పై ఏళ్ళు వంట నేర్పాను, ఒక్కనాడూ చేపను నా చేత్తో కడగలేదు. మా ఇళ్ళల్లో పసుపు మసాలా కాదు, సబ్బు. దాన్ని వంటలో వేసినట్టు ఎవరూ లెక్కపెట్టుకోరు. అది తెలియాల్సింది నాకు. తెలియక పదిమంది ముందు 'నేను నేర్పలేదు' అని చేతులు దులుపుకున్నాను.

చెయ్యి కడుక్కుని స్కూటర్ తీశాను. "తిని పో" అని మా ఆవిడ కేకేసింది. నేను ఆగలేదు. దారంతా ఒకటే భయం, ఆ మనిషి కారెక్కి వెళ్ళిపోయి ఉంటే? ఇంకో భయం కూడా ఉంది, దాచను. ఎనిమిదేళ్ళు పాఠం ఎగ్గొట్టిన సంగతి ఇప్పుడు బయటపడితే మెమో ఖాయం. గేటు దగ్గర బండి ఆపి ఒక్క నిమిషం నిలబడ్డాను. వెనక్కి తిరుగుదామని కూడా అనిపించింది.

వంట పెద్ద ఇంకా అక్కడే మార్కులు వేస్తున్నాడు. పిల్లలంతా వరండాలో ఉన్నారు. మక్తల్ ఆమె గిన్నెలు తోముతోంది. నేను వెళ్ళి అందరూ వినేలాగే చెప్పాను. పసుపు తప్పు ఆమెది కాదు, నాది. మా ఇంట్లో కడిగిన చేపతోనే పాఠం చెప్పాను, అందులో పసుపు ఉందని నాకే తెలియదు. ఎనిమిదేళ్ళు ఈ పాఠమే చెప్పలేదు. ఇదంతా రాసివ్వమంటే రాసిస్తాను, మార్కులు కొట్టేయాలంటే నావి కొట్టేయండి అన్నాను.

ఆయన పెన్ను మూత పెట్టాడు. నన్ను కాదు, ఆమెను చూశాడు. "చేప ఉందా?"

"సగం ఉన్నది సార్, ఐసుల" అంది ఆమె, చేతులు కొంగుకు తుడుచుకుంటూ.

"ఇంకోసారి చెయ్యి. పసుపు వద్దు. చెరువు వాసన గూడ రావొద్దు." తర్వాత నా వైపు తిరిగి, "మీరు మాట్లాడొద్దు" అన్నాడు.

ఇదీ అసలు పరీక్ష. పసుపు లేకుండా నీసు ఎలా పోతుంది? నాకు తెలియదు. పుస్తకంలోనూ లేదు, సముద్రపు చేపకు ఆ బాధ లేదేమో. నేను గోడకు ఆనుకుని నోరు మూసుకుని నిలబడ్డాను. ఆమె ఒక నిమిషం ఆలోచించి, హాస్టల్ వంటగదిలోకి వెళ్ళి, మధ్యాహ్నం మిగిలిన పుల్ల మజ్జిగ గిన్నె పట్టుకొచ్చింది. రాళ్ళుప్పు వేసి చేపను మూడుసార్లు పిసికి కడిగింది. మంచినీళ్ళతో ఒకసారి కడిగి, బట్టతో అద్దింది. పలక తెల్లగా, శుభ్రంగా ఉంది. తర్వాత పిండి, సోడా, నూనె. ఆ అరగంట నాకు ఎంత పొడుగనిపించిందో చెప్పలేను.

ఆయన చేపను విరిచాడు. ముప్పై ఏడో పేజీ ఫొటోలో ఉన్న తెలుపే. ఒక ముక్క తిన్నాడు. సిర్కా అడిగి తీసుకుని, ఇంకో ముక్క తిన్నాడు. పరీక్షలో రుచి చూసే మనిషి ప్లేటు ఖాళీ చేయడం నేను అంతకుముందు చూడలేదు.

"మజ్జిగ సంగతి ఎవరు చెప్పిన్రు?"

"ఎవ్వలు జెప్పలే సార్. గొర్ల కాడ పని జేసినంక చేతుల వాసన పోవాలంటే మా అత్త మజ్జిగతోనే కడ్గమంటది. చేపకు గూడ పోతదేమో అనుకున్న."

ఆయన మొదటిసారి నవ్వాడు. ఉగాదికి పదిహేను రోజుల ముందు ఆమెకు హోటల్ నుంచి కాగితం వచ్చింది. నాకు మెమో కూడా వచ్చింది, రెండు వారాల తర్వాత. దానికి జవాబు రాయడం తప్ప నాకు పెద్ద నష్టమేమీ జరగలేదు.

హైదరాబాదు బస్సెక్కే రోజు ఆమె కూతురిని వెంటబెట్టుకుని మా ఇంటికొచ్చింది. మా ఆవిడ బొట్టు పెట్టి, పిల్లకు గౌను పెట్టింది. నేను కూర్చోబెట్టి, ఎన్నాళ్ళుగానో గొంతులో ఉన్న మాట అన్నాను. "అమ్మా, ఆ రోజు నువ్వు మర్చిపోయి పసుపు రాసినవనుకొని అందరి ముందట నీ మీద నెట్టేసిన. మనసుల పెట్టుకోకు."

ఆమె కూతురి జడ సవరిస్తూ నెమ్మదిగా అంది.

"నేనేం మర్చిపోలే సార్. గా ఆదివారం మీ నల్లా కాడ అమ్మ పసుపు రాస్తుంటే నేనే నీళ్ళు పోసిన. మీకు తెల్సే చేయిస్తున్నరనుకున్న. మీ ఇంట్ల నేర్చుకున్నదే పరీక్షల చేసిన."

"మరి మర్చిపోయిన అని ఎందుకన్నవు?"

"మీరు నేర్పలే అన్నరు గద సార్. నేర్పిన్రని నేనంటే మా సార్ అబద్ధమాడిండని పదిమంది ముంగట అన్నట్టయితది."

అంతే అంది. కొలువు చేజారిపోతున్న ఆ నిమిషంలో ఆమె నా వైపు చూసి చూసుకున్న లెక్క ఇదన్నమాట. మంద, బడి మానేయబోయే పిల్ల, అన్నీ ఒక పక్క పెట్టి నా మాట నిలబెట్టింది. బస్టాండు దాకా వాళ్ళ సంచి నేనే మోసుకెళ్ళాను.

ఇప్పటికీ నెలకొకసారి ఇంట్లో ఆ వంట చేస్తాను. పిండి ఎవరైనా కలపొచ్చు, ఆలుగడ్డలు ఎవరైనా కోయొచ్చు. చేపను మాత్రం నేనే పెరట్లో కూర్చుని మజ్జిగతో కడుగుతాను.